కోనేట్లో కనపడేది నీడా, ప్రతిబింబమా?

ప్రశ్న: మైన్‌క్రాఫ్ట్ అనే దిమ్మెల ఆటలో మావాడు గండికోట కట్టినాడు. రే ట్రేసింగ్ (వెలుగు కిరణాల దారిని లెక్కగట్టి బొమ్మ గీసే పద్ధతి) టెక్స్చర్ ప్యాక్ (దిమ్మెల పైరూపాన్ని మార్చే ఫైళ్లు) వేసి చూసి, "కోట గోడ నీడ కత్తుల కోనేట్లో భలే కనపడుతుంది" అని తెలుగులో రాసినాడు. నీడంటే షాడో, ఇక్కడ ప్రతిబింబం అనాలని ఒకరు దిద్దినారు. ఏది సరి? (జమ్మలమడుగు నుంచి)

జవాబు: అన్నా, మీవాడు రాసింది చక్కని తెలుగు. దిద్దాల్సిన పని లేదు.

కుందేలు మాట నమ్మి సింహం బావిలో చూసుకున్నది తన నీడనే. ఎముక నోట కరుచుకున్న కుక్క కాలువలో చూసిందీ నీడనే. ఈ కథలు మనకు చెప్పిన అవ్వలెవరూ ప్రతిబింబం అనలేదు. ఛాయకూ ఈ రెండు అర్థాలూ ఉన్నాయి. ఫొటోను ఛాయాచిత్రం అన్నప్పుడు అందులోని ఛాయ చీకటి కాదు, రూపం.

అయితే దిద్దినాయన భయంలోనూ న్యాయముంది. రే ట్రేసింగ్‌లో ఈ రెండూ వేర్వేరు లెక్కలు. చూసేవాడి కంటి నుంచి ఒక కిరణం బయలుదేరి గోడకు తగిలిందనుకోండి. అక్కడి నుంచి సూర్యుడి వైపు ఇంకో కిరణం వేస్తారు. దానికి ఏదైనా అడ్డమొస్తే ఆ చోటు నీడలో ఉన్నట్టు. కిరణం నీళ్లకో, నున్నటి రాయికో తగిలితే అక్కడి నుంచి ఎగిరి ఇంకెక్కడికో పోతుంది. అది తగిలిన చోటి రంగే మనకు నీళ్లలో కనపడుతుంది. ఏ దిమ్మె నున్నన, ఏది గరుకు, ఏది లోహం అనే సమాచారం టెక్స్చర్ ప్యాక్‌లోనే ఉంటుంది. గరుకుతనం పెంచితే ఆ రూపం మసకబారుతుంది. రే ట్రేసింగ్ లేని చాలా ఆటల్లో తెర మీద ఉన్నదే నీళ్లలోనూ కనపడుతుంది. తల వంచి కోనేటిని చూస్తే గోడ పైభాగం తెర దాటిపోతుంది, నీళ్లలో దాని రూపమూ తెగిపోతుంది. బెడ్‌రాక్ అనే మైన్‌క్రాఫ్ట్ రకానికి 2020లో వచ్చిన రే ట్రేసింగ్‌లో ఆ కోత ఉండదు. మీవాడికి ముచ్చటేసింది అదే అయ్యుంటుంది.

ఇంకొకరు: మరి రెంటికీ ఒకే మాటైతే చదివేవాడికి కన్ఫ్యూజన్ కాదా? ఎండనీడ, నీటినీడ అని విడదీస్తే?

జవాబు: అక్కా, నీటినీడ బాగుంది. ఎండనీడతోనే చిక్కు. ఆటలో దివిటీ వెలుగుకు కూడా నీడ పడుతుంది, దాన్ని ఎండనీడ అనలేం. నన్నడిగితే కొత్త మాట అవసరమే లేదు. మన విభక్తే ఆ పని చేస్తోంది. నేల మీద నీడ, అద్దంలో నీడ. "మీద" అంటే వెలుగు ఆగిందని, "లో" అంటే రూపం కనపడిందని ఎవరూ నేర్పకుండానే మనకు తెలుసు. "నీళ్ల మీద గోడ నీడ", "నీళ్లలో గోడ నీడ" పక్కపక్కన పెట్టి చదవండి. రెండూ తెలుగే, రెండూ వేరే. వానల తరువాత పెన్న ఎర్రగా పారేటప్పుడు లోయ అంచున నిలబడితే మొదటిది బాగా కనపడుతుంది, ఎందుకంటే నీడ పడడానికి నీళ్లలో మట్టి ఉండాలి. తేటనీళ్ల మీద అది ఆనదు, అక్కడ రెండోదే రాజ్యం. ఇంత సున్నితమైన తేడాను రెండు చిన్న ప్రత్యయాలు మోస్తుంటే, నీడను షాడోకు మాత్రమే కట్టేయడం నాకు బాధగా ఉంది.

ఒక్క చోట మాత్రం ప్రతిబింబమే వాడాలి: సెట్టింగుల పట్టికలో. అక్కడ మాట ఒంటరిగా ఉంటుంది, వెనక "లో" ఉండదు, "మీద" ఉండదు. నీడలు, ప్రతిబింబాలు అని విడివిడిగా రాస్తేనే ఏ మీట ఏం చేస్తుందో తెలుస్తుంది.

అన్నా, మీవాడి వాక్యం అట్లే ఉంచమనండి. గోడ నీడ కోనేటి మెట్ల మీద ఎట్లా పడిందో కూడా ఒక వాక్యం రాయమనండి. రెండు రకాల నీడలూ ఒకే బొమ్మలో ఉంటే ఇక్కడ పెట్టండి, చూస్తాం.