‘టెస్’ (1979) సినిమాలో నీళ్లు నిలిచిన ఆ పల్లె దారి ఎక్కడిది?

ఈ సినిమాకు ఆధారమైన థామస్ హార్డీ నవల నడిచేది ఇంగ్లండ్‌లోని డోర్సెట్ పల్లెల్లో. దర్శకుడు రోమన్ పొలాన్‌స్కీ మాత్రం దాన్ని ఫ్రాన్స్‌లో, ఎక్కువగా నార్మండీ, బ్రిటనీల్లో తీశాడు. చివర్లో కనిపించే స్టోన్‌హెంజ్ (ఇంగ్లండ్‌లోని ప్రాచీన రాతి స్తంభాల వలయం) కూడా ఫ్రాన్స్‌లో వేసిన సెట్టే. అయినా ఆ నేల హార్డీదే అనిపిస్తుంది, నాకైతే డోర్సెట్‌లో తీసిన సినిమాలకన్నా ఎక్కువగా.

నేను వెతుకుతున్నది ఒక్క సన్నివేశం గురించి. కథానాయిక టెస్ పాలశాలలో పనికి కుదిరాక, తోటి అమ్మాయిలతో కలిసి చర్చికి బయల్దేరుతుంది. దారికి అడ్డంగా వాన నీరు. టెస్ ప్రేమించే ఏంజెల్ అనే యువకుడు ఒక్కొక్కరినీ ఎత్తుకుని అవతలికి దాటిస్తాడు.

సినిమా టైటిల్స్ చూశాను. దొరికిన లొకేషన్ జాబితాల్లో ఊళ్ల పేర్లున్నాయి కానీ ఏ సన్నివేశం ఏ ఊళ్లో తీశారో విడిగా లేదు. ఫ్రేములు ఆపి ఉపగ్రహ చిత్రాలతో పోల్చాను. నార్మండీలో పొలాల చుట్టూ చెట్ల కంచెలు, వాటి మధ్య సన్నటి దారులు. పైనుంచి చూస్తే అన్నీ ఒకేలా ఉన్నాయి. నవల ఆధారంగా గీసిన పటాలు ఇంగ్లండ్‌వి కాబట్టి ఇక్కడ పనికిరావు. ఫ్రెంచ్‌లో కూడా వెతికాను, రాతి కట్టడాల గురించే దొరికింది, దారుల గురించి ఏమీ లేదు.

ఈ నీటి దారి సన్నివేశం ఏ ఊరి దగ్గర తీశారో కచ్చితంగా తెలిసినవారు చెప్పగలరా?