రోజూ కనిపించే మనిషిని పలకరించకపోవడం మర్యాదా, మొహమాటమా?

కిటికీసీటు: ఆరేళ్లుగా ఒకే రైలు, ఒకే పెట్టె. ఎదురుగా కూర్చునే పెద్దాయన రెండు నెలలుగా రావడం లేదు. రిటైరయ్యారో, ఇల్లు మారారో, ఒంట్లో బాగోలేదో తెలీదు, ఎందుకంటే ఇన్నేళ్లలో ఒక్కసారి కూడా నమస్కారం అనుకున్న పాపాన పోలేదు. నాకైతే ఇది తప్పుగానే అనిపిస్తోంది.

ఇయర్‌ఫోన్స్: తప్పేముందండీ? రోజంతా ఆఫీసులో వాగీ వాగీ నోరు పడిపోతుంది, ఆ ముప్పావుగంటే నాది. ఊపిరాడని గుంపులో ఎవరి జోలికీ పోకుండా ఉంటే ఎదుటివాళ్లకీ కాస్త చోటిచ్చినట్టే. నాకు ఒంటరితనం రైల్లో ఉండదు, ఇంటికెళ్లి తాళం తీశాక మొదలవుతుంది.

మూడోస్టాపు: అలా మనం అనుకుంటాం అంతే. షికాగో రైలు ప్రయాణికుల మీద ఎప్లీ, ష్రోడర్ అనే ఇద్దరు చేసిన ప్రయోగం 2014లో వచ్చింది. కొందరిని పక్కవాళ్లతో మాట్లాడమన్నారు, కొందరిని ఊరికే కూర్చోమన్నారు. మాట్లాడినవాళ్లకే ప్రయాణం హాయిగా గడిచిందట. ముందుగా ఊహించి చెప్పమంటే మాత్రం జనం సరిగ్గా తలకిందులుగా చెప్పారు!

నిలబడేఉన్నా: అన్నా, ఆ ప్రయోగం ఒక్కపూటది, మా ప్రయాణం రోజూ ఉంటుంది. ఒకాయనకి టైమ్ ఎంతయిందో నవ్వుతూ చెప్పిన పాపానికి వారంపాటు నాకు సీటు ఆపాడు, దిగే స్టాపు కూడా కనిపెట్టాడు. చివరికి పెట్టె మార్చుకున్నది నేనే. పేరు తెలియకపోవడం మీకు వెలితేమో, ఆడవాళ్లకి అదే రక్షణ.

మూడోస్టాపు: నిజమే, అటువైపు నుంచి ఆలోచించలేదు.

పాతపాస్: ఈ 'తెలిసిన అపరిచితుల' గురించి మిల్‌గ్రామ్ అనే అమెరికన్ మనస్తత్వవేత్త 1972లోనే రాశాడు. ప్లాట్‌ఫారం మీద జనాన్ని ఫొటో తీసి వాళ్లకే చూపిస్తే, ఒక్కొక్కరూ ఎన్నడూ మాట్లాడనివాళ్లను సగటున నలుగురిని గుర్తుపట్టారు. మౌనంగా చూసుకున్న కాలం పెరిగేకొద్దీ నోరు విప్పడం కష్టమవుతుందట, అదే ఎక్కడో దూరంగా ఎదురైతే ఇట్టే పలకరించుకుంటారట. కాబట్టి మీ ఆరేళ్లే మీకు అడ్డమండీ, పొగరేం కాదు.

కిటికీసీటు: సరే, ఆయన సంగతి ఇప్పుడు ఎవరిని అడగను?

ఇయర్‌ఫోన్స్: స్టేషన్‌లో అడిగి చూడండి.

కిటికీసీటు: ఏమని? గోధుమరంగు సంచీ, ఎడమచేతికి వాచీ అనా?