ఎకరమా, యకరమా? ఒక ఇంగ్లీషు ఊరి పొలాల్లో దొరికే జవాబు

ప్రశ్న (గుంటూరు వైపు సభ్యుడు): మా తాతగారి కాలం నాటి దస్తావేజులో "య. 2-40 సెంట్లు" అని ఉంది. ఇప్పటి పాసు పుస్తకంలో ఎకరాలు అంటున్నారు. ఏది సరైన రూపం? ఏక, కర అనే రెండు సంస్కృత పదాలు కలిసి ఎకరం అయిందని ఒక మిత్రుడి వాదన. తెలిసినవాళ్లు చెప్పండి.

జవాబు: రెండూ ఒకటే మాట అండీ. తెలుగులో పదం మొదట ఎ వస్తే పలికేటప్పుడు దాని ముందు చిన్న యకారం వినిపిస్తుంది. ఎవరు అన్నదాన్ని యెవరు అని, ఎకరం అన్నదాన్ని యెకరం అని పాత రాతల్లో రాసింది అందుకే. దస్తావేజు రాసేవాళ్లు దాన్ని "య." అని కుదించుకున్నారు. ఈ రోజుల్లో ఎకరం అని రాస్తే చాలు.

ఏక, కర వాదన మాత్రం నిలవదు. ఇది ఇంగ్లీషు ఏకర్. దొరల కాలంలో భూమి సర్వేలతో పాటు మన రికార్డుల్లోకి వచ్చింది. అంతకుముందు మనవాళ్లు ఒక పొలంలో ఎన్ని తూముల, ఎన్ని పుట్ల విత్తనం పడుతుందో చెప్పి నేలను కొలిచేవాళ్లు. అయినా సంస్కృతంతో ఎకరానికి చుట్టరికం లేకపోలేదు, అది వేరే దారిలో ఉంది. పాత ఇంగ్లీషులో ఈ మాటకు పొలం అనే అర్థం. లాటిన్‌లో అగెర్, గ్రీకులో అగ్రోస్, జర్మన్‌లో ఆకర్, ఋగ్వేదంలో అజ్ర, ఇవన్నీ ఒకే మూలం నుంచి చీలినవి. అజ్ర అన్నా మైదానం, పొలం అనే.

మరి పొలం అనే మాట కొలత ఎలా అయింది? నాకు ఈ ప్రశ్న అంటే చాలా ఇష్టం, కాబట్టి కాస్త పొడుగ్గా రాస్తాను.

మధ్యయుగాల ఇంగ్లండ్‌లో బరువైన నాగళ్లు వాడేవాళ్లు. మట్టిని కోసి పక్కకు తిరగేసే నాగలి అది. దానికి రెండెద్దులు చాలవు, ఎనిమిదింటి వరకు కట్టేవాళ్లు. అంత పెద్ద జట్టును చివర వెనక్కి తిప్పడం మహా కష్టం. అందుకని నాగటి చాలు ఎంత పొడుగుంటే అంత మేలు, ఎద్దులు అలసటకు ఆగే దాకా తిన్నగా పోవచ్చు. ఆ పొడుగు చాలు పేరే ఫర్లాంగు. ఫరో అంటే చాలు, లాంగ్ అంటే పొడుగు. మన పెద్దవాళ్లు "బస్టాండు ఇంకో ఫర్లాంగు ఉంటుంది" అన్నప్పుడు తెలియకుండానే నాగటి చాలుతో దూరం కొలిచారన్నమాట. ఎద్దుల జట్టు ఒక రోజులో దున్నగలిగిన నేల ఎకరం. అది ఒక ఫర్లాంగు, అంటే 220 గజాల పొడుగు, 22 గజాల వెడల్పు ఉన్న సన్నటి పట్టీ. 220 ని 22 తో గుణించి చూడండి, 4840 చదరపు గజాలు. హైదరాబాద్‌లో ప్లాట్లు అమ్మేవాళ్లు నిద్రలో లేపి అడిగినా చెప్పే అంకె అదే.

ఎకరం అనగానే మన కళ్ల ముందు చదరంగా ఉన్న ఒక మడి మెదులుతుంది. పుట్టుకలో అది చదరం కాదు, పొడవు వెడల్పుకు పది రెట్లు. ఈ రూపం తెలిశాకే ఆ అంకెకు అర్థం దొరుకుతుంది.

ఆ పట్టీల సేద్యం ఇప్పటికీ సాగుతున్న ఊరు ఒకటుంది. పేరు లాక్స్‌టన్. నాటింగ్‌హామ్‌షైర్‌లో ఒల్లర్టన్, టక్స్‌ఫర్డ్ పట్టణాలకు దగ్గర. 1086 నాటి డూమ్స్‌డే లెక్కల పుస్తకంలోనే దాని పేరు లాక్సింటూన్ అని ఉంది. ఊరికి ఉత్తరాన పాత మట్టికోట దిబ్బ ఉంది. ఒకప్పుడు ఆ కోట దొరలు నాటింగ్‌హామ్‌షైర్, డర్బీషైర్‌లలోని రాజుగారి అడవులకు వంశపారంపర్యంగా కాపలా అధికారులు. కోట సంగతి అంతటితో వదిలేస్తాను, మన మాట పొలాల గురించి.

లాక్స్‌టన్‌లో మూడు పెద్ద పొలాలు మిగిలాయి. వాటి పేర్లు వెస్ట్ ఫీల్డ్, మిల్ ఫీల్డ్, సౌత్ ఫీల్డ్. వాటి మధ్యలో కంచెలు లేవు. ఒక్కో పొలం పట్టీలుగా విడిపోయి ఉంటుంది, ఒక్కో రైతు పట్టీలు మూడు పొలాల్లోనూ చెదిరి ఉంటాయి. మంచి నేల, చవుడు నేల అందరికీ కాస్త కాస్త రావాలంటే అదే దారి. ఒక ఏడాది ఒక పొలంలో చలికాలపు గోధుమ, రెండోదాంట్లో వసంతంలో వేసే పంట, మూడోది విశ్రాంతి. పాత రోజుల్లో ఆ బీడులో ఊరి పశువులన్నీ కలిసి మేసేవి. ఇప్పుడు ఆ ఏడాది గడ్డి జాతి మేత వేస్తున్నారు. మరుసటి ఏడు వరస మారుతుంది. ఇళ్లు, గొడ్ల కొట్టాలు పొలాల్లో ఉండవు, అన్నీ ఊరి వీధి వెంట వరసగా ఉంటాయి. పొలానికి పోవాలంటే ఊరు దాటి పోవాల్సిందే. మన పల్లెల అమరికా ఇదే కనుక మనకు ఇది వింతగా అనిపించదు. అక్కడి మిగతా ఊళ్లలో ఎవరి పొలం మధ్యలో వాళ్లు ఇల్లు కట్టుకోవడం మామూలైంది.

మిగతా ఊళ్లలో ఈ పద్ధతి ఎందుకు పోయిందంటే, ఉమ్మడి పొలాలకు కంచెలు వేసి ఎవరిది వాళ్లకు విడగొట్టే చట్టాల వల్ల. 1604 నుంచి 1914 వరకు అలాంటివి 5,200 కి పైగా వచ్చాయి. వాటి కింద 68 లక్షల ఎకరాలు, అంటే ఇంగ్లండ్ నేలలో అయిదో వంతు కంటే కాస్త ఎక్కువ, కంచెల్లోకి పోయింది. ఉమ్మడి బీట్లో నాలుగు గొర్రెలు, ఒక ఆవు మేపుకుని బతికిన పేదల నోటి దగ్గర కూడు పోయింది. దీన్ని అభివృద్ధి అని చదివినప్పుడల్లా నాకు కష్టంగానే ఉంటుంది.

సభ్యుడు (నల్లగొండ, సర్వే శాఖలో చేసి రిటైరయ్యాను): అమ్మా, బాగా చెప్పారు. మా ఉద్యోగమంతా పొలాలు కొలిచే గొలుసుతోనే గడిచింది. ఎకరానికి 40 గుంటలే ఎందుకో కూడా చెప్తే కుర్రవాళ్లకు ఉపయోగం.

జవాబు: నమస్కారం సార్. ఈ లెక్క మీకు తెలియనిది కాదు, మిగతావాళ్ల కోసం రాస్తాను. ఇంగ్లీషు రైతులకు పోల్ అనే కర్ర కొలత ఉండేది, పదహారున్నర అడుగులు. ఎకరం పట్టీ పొడుగు 40 పోళ్లు, వెడల్పు 4 పోళ్లు. మొత్తం 160 చదరపు పోళ్లు. మన గుంట ఒక్కో వైపు 33 అడుగులు, అంటే సరిగ్గా రెండు పోళ్లు. కాబట్టి ఒక గుంటలో నాలుగు చదరపు పోళ్లు ఉంటాయి. 160 ని 4 తో భాగిస్తే 40. గుంట అనే మాట మనదే, దాని సైజు మాత్రం ఎకరంతో అతికింది.

ఇక మీ గొలుసు. 1620 లో ఎడ్మండ్ గంటర్ అనే లెక్కల పండితుడు ఎకరం పట్టీ వెడల్పునే, 66 అడుగులు, గొలుసు పొడుగుగా తీసుకుని 100 లింకులు చేశాడు. పది చదరపు గొలుసులు ఒక ఎకరం. ఆంధ్ర వైపు ఎకరాన్ని 100 సెంట్లుగా చేశారు, ఇటు తెలంగాణలో గుంటలు నిలిచాయి. రెండు వైపులా ఎకరం ఒకటే.

సభ్యుడు (విజయవాడ): 22 గజాలంటే క్రికెట్ పిచ్ కదా!

జవాబు: అవును తమ్ముడూ, పిచ్ పొడుగు ఒక గొలుసే. మైలు సంగతీ ఇలాంటిదే. రోమన్ మైలు 5,000 అడుగులు. 1593 లో ఎలిజబెత్ రాణి కాలంలో చేసిన చట్టం మైలును 8 ఫర్లాంగులుగా, 5,280 అడుగులుగా నిర్ణయించింది. ఫర్లాంగు మారితే ఎకరం మారుతుంది, ఎకరం మారితే దేశంలోని భూమి కాగితాలన్నీ తారుమారవుతాయి. అందుకని మైలే సర్దుకుంది. చట్టం కంటే నాగటి చాలే గట్టిగా నిలబడింది!

సభ్యురాలు (నాటింగ్‌హామ్): అక్కా, నేను ఉండేది ఇక్కడే, అయినా ఈ ఊరి పేరు వినలేదు. చూడటానికి ఏముంటుంది? గొడవలొస్తే ఎవరు తీరుస్తారు, కంచెలే లేవంటున్నారు?

జవాబు: తప్పకుండా వెళ్లమ్మా. నువ్వు అడిగిన గొడవల సంగతే ఆ ఊళ్లో అన్నిటికంటే గొప్పది. దాని కోసమే ఇంత రాశానేమో కూడా.

అక్కడ కోర్ట్ లీట్ అని ఒక పాత ఊరి కోర్టు ఉంది. ఏటా నవంబరు ఆఖరులో పన్నెండు మంది జూరీ సభ్యులు, అందరూ ఆ నేలతో సంబంధం ఉన్నవాళ్లే, గోధుమ కొత్తగా విత్తిన పొలం అంతా నడిచి చూస్తారు. ఎవరైనా తన పట్టీ దాటి దారిలోకి దున్నాడా, పక్కవాడి చాలు కలుపుకున్నాడా, సైక్ అనే పచ్చిక పల్లం అంచు కోశాడా అని కొలుస్తారు. హద్దు చెరిగిన చోట కొయ్య మేకులు దిగ్గొడతారు. తర్వాత వారం ఊళ్లోని డవ్‌కోట్ ఇన్‌లో కోర్టు కూర్చుంటుంది. కోర్టు నడిపే స్టీవార్డ్ అనే అధికారి ముందు వచ్చే ఏటి జూరీ ప్రమాణం చేస్తుంది, తప్పు చేసినవాళ్లకు జరిమానా పడుతుంది. డబ్బు కొద్దిగానే ఉంటుంది, కానీ అందరూ ఒకరినొకరు ఎరిగిన ఊళ్లో పేరు చదివించుకోవడమే పెద్ద శిక్ష. గట్టు తగాదాలకు తాలూకా ఆఫీసు చుట్టూ తిరిగి తిరిగి ముసలివాళ్లయినవాళ్లను చూసిన నాకు ఈ ఏర్పాటంటే ఎంతో గౌరవం.

సైక్‌ల మీద గడ్డిని ఏటా వేసవిలో వేలం వేస్తారు. దున్నడానికి వీల్లేని తడి పల్లాలు కాబట్టి అవి ఎప్పుడూ నాగలి ఎరగవు, మొక్కల రకాలు అందుకే బాగా మిగిలాయి.

1635 లో మార్క్ పియర్స్ అనే సర్వేయర్ ఈ ఊరి పటం గీశాడు. ప్రతి పట్టీ, ప్రతి ఇల్లు అందులో ఉన్నాయి. దున్నేవాళ్లను, కోతలు కోసేవాళ్లను కూడా చిన్న బొమ్మలుగా వేశాడు. ఆ పటం ఆక్స్‌ఫర్డ్‌లోని బాడ్లియన్ గ్రంథాలయంలో ఉంది. అందులోని పట్టీలు ఇప్పటివాటి కంటే చాలా సన్నం. ఇరవయ్యో శతాబ్దం మొదట్లో కొన్నిటిని కలిపి పెద్దవి చేశారు, ట్రాక్టరుకు అంత సన్నం పనికిరాదు కూడా. 1952 లో అప్పటి ఊరి దొర మాన్వర్స్ ఎర్ల్ గారి నుంచి ఊరిని వ్యవసాయ శాఖ కొన్నది. 1981 లో అది రాచ ఆస్తులు చూసే క్రౌన్ ఎస్టేట్ చేతికి వెళ్లింది. 2020 లో థోర్స్‌బీ ఎస్టేట్‌కు, అంటే మళ్లీ పాత దొరల వంశం వైపుకే వచ్చింది. ఇన్ని చేతులు మారినా జూరీ నడక ఆగలేదు.

నువ్వు వెళ్తే డవ్‌కోట్ ఇన్ పక్కనే ఉన్న సందర్శకుల కేంద్రం ముందు చూడు, ఆ తర్వాత పొలాల్లోకి నడువు. పట్టీలు ఎక్కడ మొదలై ఎక్కడ ముగుస్తాయో గమనించు. పాత ఇంగ్లీషు పొలాల్లో పట్టీలు చివర్లకు వచ్చేసరికి కొంచెం వంపు తిరిగి ఉండేవి, ఎద్దుల జట్టును ముందునుంచే మళ్లించుకుంటూ రావాలి మరి.

ప్రశ్న అడిగినవారు (గుంటూరు వైపు సభ్యుడు): చాలా సంతోషం అండీ. అయితే ఎకరం పరాయి మాట కాబట్టి దాని బదులు మన మాట ఏదైనా వాడాలంటారా?

జవాబు: అక్కర్లేదండీ. మన రైతు నోట రెండు వందల ఏళ్లుగా నలిగిన మాట, బహువచనంలో ఎకరాలు అయింది, సగం ఎకరం అరెకరం అయింది. దానికి మన సంధులు, మన విభక్తులు పట్టాయి, ఇక అది మనదే. నా దిగులు వేరే ఉంది. తూము, పుట్టి, కొండ్ర లాంటి మాటలు వాడేవాళ్లు తగ్గిపోతున్నారు. దున్నేటప్పుడు పొలాన్ని ముక్కలుగా పంచుకునే కొండ్ర అన్న మాట చాలామంది పిల్లలకు తెలియదు. ఇంగ్లీషు పట్టీల చివర నాగలి తిప్పుకోవడానికి వదిలే జాగాకు వాళ్ల దగ్గర హెడ్‌లాండ్ అని ప్రత్యేకంగా పేరుంది. మీ మీ జిల్లాల్లో ఆ జాగాను ఏమంటారో ఇంట్లో పెద్దవాళ్లను అడిగి, ఏ ఊరి మాటో కూడా చెప్తూ ఇక్కడ రాయండి.