బోరు నీళ్లతో కడిగిన మేకప్ బ్రష్‌లు గట్టిపడుతున్నాయి, కుచ్చు ఊడుతోంది: కడగడంలో తప్పా, మార్చేయాలా?

కాటుకడబ్బా:
శ్రావణం ముహూర్తాలు దగ్గర పడ్డాయి. పెళ్లికూతుళ్ల మేకప్‌కి వాడే బ్రష్‌లు మొత్తం 22. అందులో 14 సింథటిక్, మిగతా 8 మేక వెంట్రుకలవని చెప్పి అమ్మారు. ఊరు విశాఖ. నీళ్లు బోరువి, బకెట్ అంచున తెల్లగా చార కట్టే రకం. వారానికోసారి ఒంటి సబ్బుతో రుద్ది కడిగి, గ్లాసులో నిలబెట్టి ఆరబెట్టడం అలవాటు. ఇప్పుడు పరిస్థితి ఇదీ:

ఫౌండేషన్ బ్రష్‌లు ఆరాక చీపురుపుల్లల్లా అవుతున్నాయి. పెద్ద పౌడర్ బ్రష్ దులిపితే ప్రతిసారీ అయిదారు వెంట్రుకలు రాలుతున్నాయి. రెండింటికి రేకు వదులై పిడి గిరగిరా తిరుగుతోంది. కబుకీ బ్రష్ (పొట్టి పిడి, దట్టమైన కుచ్చు ఉండేది) ముక్కు దగ్గర పెడితే ముక్కిపోయిన వాసన. ఐలైనర్ బ్రష్ తెల్ల కుచ్చు ఎంత కడిగినా నల్లగానే ఉంది.

వీటిలో ఏవి బాగుపడతాయి, ఏవి పారేయాలి? షాంపూకి బదులు కుంకుడు రసం వాడొచ్చా?

రంగులపెట్టె:
ముందు గ్లాసులో నిలబెట్టడం ఆపండి. మీరు రాసిన అయిదింటిలో మూడు దాని పుణ్యమే.

కుచ్చు మొదళ్లను రేకు తొడుగులో జిగురు పోసి పట్టిస్తారు. ఆ తొడుగును మళ్లీ కర్రకి జిగురుతో అంటించి, చుట్టూ నొక్కి బిగిస్తారు. తడి బ్రష్‌ని కుచ్చు పైకి ఉండేలా నిలబెడితే నీళ్లు మెల్లగా తొడుగులోకి దిగి అక్కడే ఉండిపోతాయి. జిగురు పట్టు తప్పి వెంట్రుకలు ఊడతాయి. కర్ర నీళ్లు పీల్చి ఉబ్బుతుంది, ఆరాక ముడుచుకుంటుంది. పదిసార్లు ఉబ్బి ముడుచుకున్నాక రేకు వదులు కాక ఏమవుతుంది? లోపలి తడి ఆరకపోతే వచ్చేదే ఆ వాసన.

కడగడం ఇలా: గిన్నెలో అర లీటరు గోరువెచ్చని నీళ్లు, ఒక టేబుల్‌స్పూను మామూలు షాంపూ. కండిషనర్ కలిపిన షాంపూ వద్దు. సింథటిక్ కుచ్చు మీద అది పొరలా ఉండిపోతే పౌడర్ అంటుకోదు, జారిపోతుంది. కుచ్చు నేల చూపు చూసేలా పట్టుకుని, కొసల నుంచి మూడింట రెండు వంతులు మాత్రమే ముంచాలి. రేకు తడవకూడదు. అరచేతిలో చిన్న సున్నాలు చుడుతున్నట్టు తిప్పాలి. కుచ్చును అరచేతికి అదిమి ఎదురు రుద్దితే కొసలు విచ్చుకుంటాయి, ఆ విచ్చు మళ్లీ పూర్తిగా సర్దుకోదు. కుళాయి కింద కూడా కుచ్చు కిందికే. పిండితే రంగు లేని నీళ్లు వచ్చేదాకా కడగాలి. దట్టమైన ఫౌండేషన్ బ్రష్‌కి మూడు విడతలు పట్టొచ్చు.

తర్వాత పాత నూలు తువ్వాలులో పెట్టి, రేకు వైపు నుంచి కొసల వైపు నొక్కుతూ లాగండి. మెలి పెట్టొద్దు. వేళ్లతో ఆకారం సర్ది, బల్ల అంచున కుచ్చు గాల్లోకి వచ్చేలా పడుకోబెట్టి, పిడి చివర కింద మడత తువ్వాలు పెడితే కొసలు కాస్త కిందికి వాలతాయి. హెయిర్ డ్రయర్ వేడి గాలి జిగురుకీ సింథటిక్ వెంట్రుకకీ రెండింటికీ చేటు.

వాటర్‌ప్రూఫ్ ఫౌండేషన్, కాటుక వాడిన సింథటిక్ బ్రష్‌కి ఒక మెట్టు ఎక్కువ. పొడి కుచ్చుకే రెండు చుక్కల కొబ్బరినూనె పట్టించి, టిష్యూ మీద తుడిచి, గిన్నెలు తోమే లిక్విడ్ ఒక చుక్కతో రెండుసార్లు కడగాలి. నూనె మిగిలితే మర్నాటి బేస్ ముఖం మీద గడ్డలు గడ్డలుగా విరుగుతుంది. మేక వెంట్రుకకి నూనె జోలికి పోవద్దు.

ఉప్పునీళ్లు:
పైన చెప్పినదానికి ఒక చేర్పు. గట్టిపడటానికి కారణం నిలబెట్టడం కాదు, సబ్బు.

బోరు నీళ్లలోని కాల్షియం, మెగ్నీషియం సబ్బులోని కొవ్వు ఆమ్లాలతో కలిసి కరగని తెట్టు కడతాయి. అది వెంట్రుక వెంట్రుకకీ పూతలా అంటుకుని ఆరాక బిరుసెక్కుతుంది. మళ్లీ అదే సబ్బుతో ఎంత రుద్దినా ఇంకో పూత పడుతుందంతే. షాంపూల్లో నురగ కోసం వాడే పదార్థాలు గట్టి నీళ్లలో ఇలా తెట్టు కట్టవు.

ఇప్పటికే పట్టిన తెట్టు పోవాలంటే 200 మిల్లీలీటర్ల ఆర్వో నీళ్లలో 2 టీస్పూన్ల తెల్ల వెనిగర్ కలిపి, కొసలు మాత్రమే రెండు నిమిషాలు ముంచండి. రేకుకి తగిలితే పూత మసకబారుతుంది. వెంటనే షాంపూతో కడిగి, చివరి జాలింపు ఆర్వో నీళ్లతో చేయండి. మొదటి కడుగుళ్లు బోరు నీళ్లయినా ఫర్వాలేదు, చివరిది మంచినీళ్లయితే చాలు. ఆర్వో మిషను బయటికి వదిలే నీళ్లు మాత్రం పనికిరావు, అవి బోరు నీళ్లకంటే గట్టివి. ఏసీ నుంచి కారే నీళ్లు మెత్తనివే, కానీ లోపలి దుమ్ము, బూజు మీదుగా వస్తాయి కాబట్టి ముఖానికి తగిలే వస్తువుకి వద్దు.

కుంకుడు: పౌడర్ బ్రష్‌లకి, ముఖ్యంగా మేక వెంట్రుకకి, బాగానే పనిచేస్తుంది. గట్టి నీళ్లలో సబ్బులా తెట్టు కట్టదు. అయిదు కాయల గింజలు తీసి, గ్లాసుడు వేడినీళ్లలో గంట నానబెట్టి, పిసికి, పలచని గుడ్డలో రెండుసార్లు వడకట్టాలి. పిప్పి మిగిలితే కుచ్చు మొదట్లో ఇరుక్కుంటుంది. ఏ రోజు రసం ఆ రోజే, నిలవుంటే పులుస్తుంది. తెల్ల కుచ్చు రానురాను గోధుమరంగుకి తిరుగుతుంది. కళ్ల బ్రష్‌లకి మాత్రం వాడొద్దు. తలంటుకునేటప్పుడు కుంకుడు కంట్లో పడితే ఎలా ఉంటుందో తెలియని తెలుగువాళ్లుండరు. ఎక్కువసేపు నిలిచే ఫౌండేషన్లలో సిలికోన్లుంటాయి, వాటి మీద కుంకుడు పప్పులుడకవు. శీకాయ పొడి గరుకు, అసలే వద్దు.

పాతపిడి:
ఏవి ఉంచాలి, ఏవి పారేయాలి అన్నదానికి.

కొత్త బ్రష్ మొదటి రెండు మూడు కడుగుళ్లలో కొన్ని వెంట్రుకలు రాల్చడం మామూలే. వాడుతున్న పౌడర్ బ్రష్ దులిపిన ప్రతిసారీ అయిదారు రాలుస్తోందంటే లోపలి జిగురు వదిలేసింది. పైనుంచి ఫెవిక్విక్ పోస్తే కుచ్చు మొదలంతా రాయిలా బిగిసి చెంపని గీరుతుంది. అది పోయినట్టే లెక్క.

రేకు వదులైనవి మాత్రం బతుకుతాయి. పిడిని మెల్లగా బయటికి లాగి, కర్ర కొస మీది పాత జిగురుని ఉప్పుకాగితంతో గీకి, రెండు ముక్కలనీ రెండు రోజులు ఆరనివ్వండి. తడి కర్ర మీద ఏ జిగురూ నిలవదు. ఆరల్డైట్ లాంటి రెండు ట్యూబుల జిగురు సమానంగా కలిపి కర్రకి పలచగా రాసి, రేకులోకి దించి, పొంగినది తుడిచి, 24 గంటలు కదపకుండా ఉంచాలి. కర్ర పగిలితే మరమ్మతు వద్దు, పగుల్లో తడీ క్రీమూ చేరతాయి.

నల్లబడ్డ ఐలైనర్ బ్రష్: కడిగి ఆరాక తడి తెల్ల టిష్యూ మీద గట్టిగా గీయండి. టిష్యూకి ఏమీ అంటకపోతే అది మురికి కాదు, మరక. హాయిగా వాడుకోండి. కానీ కొస రెండుగా చీలితే గీత సన్నగా రాదు, అప్పుడు మార్చాలి. విచ్చుకున్న సింథటిక్ కుచ్చును పది సెకన్లు వేడి నీళ్లలో ముంచి (మరిగేవి కావు, రేకు తగలకూడదు), వేళ్లతో సర్ది, కుచ్చు ఆకారం చెదరకుండా పట్టి ఉంచే వల తొడుగు వేసి ఆరబెడితే ఒక్కోసారి దారికొస్తుంది.

కబుకీకి ఒక్క అవకాశం ఇవ్వండి. షాంపూతో కడిగి, రెండు రోజులు ఫ్యాను కింద ఆరబెట్టి వాసన చూడండి. ఇంకా వస్తుంటే చెత్తబుట్టకే.

‘ఇన్ని నెలలకి మార్చాలి’ అనే లెక్క బ్రష్‌కి లేదు. స్పాంజికి ఉంది: మూడు నెలలు, ఈలోపు చిరిగితే అప్పుడే. స్పాంజి లోపలిదాకా తడి పీల్చి ఉంచుకుంటుంది. 2019లో బ్రిటన్‌లోని ఆస్టన్ యూనివర్సిటీ వాళ్లు జనం వాడుతున్న మేకప్ సామాన్లు పరీక్షిస్తే అన్నిటికంటే ఎక్కువ సూక్ష్మజీవులు స్పాంజిల్లోనే కనబడ్డాయి. వాటిలో 93 శాతం ఒక్కసారీ కడగనివి.

ఇంకొకటి, ఆ ఎనిమిదీ నిజంగా మేక వెంట్రుకవేనా? రాలిన వెంట్రుక ఒకటి అగ్గిపుల్లతో కాల్చండి. జుట్టు కాలిన వాసనొచ్చి నలిపితే బూడిదైతే అసలుది. కరిగి పూసలా గట్టిపడితే ప్లాస్టిక్. సన్న గీతలకి బాగుంటుందని ఎవరైనా ముంగిస వెంట్రుక బ్రష్ చూపిస్తే కొనొద్దు, 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం కింద అది నేరం.

కాటుకడబ్బా:
చాలా థాంక్సండీ. సబ్బు ఈరోజే మానేస్తున్నా. ఇంకో రెండు సందేహాలు. ఒకే రోజు ఇద్దరు పెళ్లికూతుళ్లుంటే మధ్యలో కడిగి ఆరబెట్టే టైముండదు, హ్యాండ్ శానిటైజర్ రుద్దితే సరిపోతుందా, యూవీ డబ్బా (అతినీలలోహిత కాంతితో సూక్ష్మజీవుల్ని చంపేది) కొనాలా? పైగా ఈ వానల్లో ఏదీ ఆరదు.

రంగులపెట్టె:
శానిటైజర్ వద్దు. జెల్ కుచ్చులో జిగటగా ఉండిపోతుంది, ద్రవం రకాల్లో చాలావాటిలో గ్లిసరిన్ ఉంటుంది. 70 శాతం ఐసోప్రొపైల్ ఆల్కహాల్ (స్పిరిట్) తెచ్చుకోండి. 99 శాతమైతే ఇంకా మంచిదనుకుంటారు గానీ అది చిటికెలో ఆవిరైపోతుంది, సూక్ష్మజీవుల్ని చంపడానికి కొంత నీరు కూడా కావాలి. ముందు టిష్యూ మీద రంగు పోయేదాకా తుడిచి, కుచ్చు తడిసేలా స్ప్రే చేసి, దానంతటది ఆరనివ్వాలి. క్రీము పొర ఉండగా కొడితే స్పిరిట్ ఆ పొర కిందికి చేరదు. దీపం, అగరొత్తులు, వేడి స్ట్రెయిటనర్ దగ్గర కొట్టొద్దు. పెళ్లింట్లో ఇవన్నీ ఒకే గదిలో ఉంటాయి.

మేక వెంట్రుక రోజూ స్పిరిట్ పడితే పెళుసవుతుంది. ఫౌండేషన్, కళ్ల బ్రష్‌లకి రెండో సెట్టు కొనడమే మేలు. యూవీ కాంతి పడ్డ చోటే పనిచేస్తుంది, దట్టమైన కుచ్చు లోపలికి పోదు. ఆ డబ్బుకి నాలుగు సింథటిక్ బ్రష్‌లొస్తాయి. పెదవుల బ్రష్, మస్కారా పుల్ల మనిషికొకటి, వాడి పారేసేవే. క్రీమ్, లిప్‌స్టిక్ గరిటెతో స్టీలు ప్లేటు మీదికి తీసుకుని అక్కణ్నుంచే వాడాలి. కళ్లకలకో, పెదవి మీద నీటిపొక్కులో ఉన్న మనిషికి మేకప్ ఆ రోజు వద్దు.

ఉప్పునీళ్లు:
వానల్లో కళ్ల బ్రష్‌లకి ఒక రాత్రి, పెద్దవాటికి 24 గంటలు, కబుకీకి 36 పైనే పెట్టుకోండి. ఫ్యాను గాలి అడ్డంగా తగలాలి, ఏసీ ఉంటే డ్రై మోడ్ చాలు. ఆరిందో లేదో కొసలు చూసి నమ్మొద్దు. కుచ్చు విడదీసి మొదట్లో టిష్యూ మడత పది సెకన్లు అదిమి చూడండి. చల్లగా తగిలితే ఇంకా తడే, జిప్ పౌచ్‌లో పెట్టకండి. ముహూర్తం శుక్రవారమైతే బుధవారం పొద్దున్నే కడగాలి.