సెర్జ్ సిల్బర్‌మాన్ గురించి ఎక్కడ చదవొచ్చు?

అందరికీ నమస్కారం. మొన్న రాత్రి జపాన్ దర్శకుడు కురొసావా తీసిన సినిమా 'రాన్' (1985) మళ్లీ చూశాను. వెనక కోట తగలబడుతుంటే ముసలి ప్రభువు ఒక్కడే మెట్లు దిగి వస్తాడు, సైనికులు పక్కకు జరిగి దారి ఇస్తారు. ఫ్యూజీ కొండ వాలు మీద నిజంగా కట్టి, నిజంగా కాల్చేసిన కోట అది! జపాన్‌లో అంత డబ్బు పుట్టక ఆగిన సినిమాకి ముందుకొచ్చింది ఫ్రెంచి నిర్మాత సెర్జ్ సిల్బర్‌మాన్.

1917లో పోలండ్‌లో పుట్టి, నాజీ శిబిరాల నుంచి ప్రాణాలతో బయటపడి, పారిస్‌లో నిర్మాత అయ్యాడాయన. 1964 నుంచి 1977 దాకా స్పెయిన్ దర్శకుడు బున్యుయెల్‌తో ఐదు సినిమాలు తీశాడు, వాటిలో ఒకదానికి ఆస్కార్ కూడా వచ్చింది. ఒకే దర్శకుడిని అన్నేళ్లు నమ్ముకున్న నిర్మాత అంటే నాకు చాలా గౌరవం.

ఆయన మీద వ్యాసం రాస్తున్నాను. క్రిస్ మార్కర్ డాక్యుమెంటరీ 'ఏ.కే.' చూశాను కానీ అది 'రాన్' షూటింగ్ గురించే. నాకు కావలసింది డబ్బు సంగతి: 'రాన్'కి పెట్టుబడి ఎలా కూడగట్టాడు, దర్శకుల పనిలో ఎంతవరకు కలగజేసుకునేవాడు? ఇంగ్లిష్‌లో పుస్తకాలు, ఇంటర్వ్యూలు ఉంటే చెప్పండి. ఫ్రెంచి చదవగలిగినవాళ్లు ఎవరైనా పాత పత్రికల్లో వెతకడానికి కాస్త సాయం చేస్తారా?