"బండికి అడ్డొచ్చాడు": ఈ మాటలో ఎవరి తప్పు దాగి ఉంది?

మద్దిలపాలెం నుంచి, చర్చ మొదలుపెట్టిన సభ్యురాలు:

"అడ్డొచ్చాడండీ, నేనేం చెయ్యను!"

నడిచే మనిషికి బండి తగిలినప్పుడు మన విశాఖలో మొట్టమొదట వినపడే వాక్యం ఇదే. ఆర్టీసీ కాంప్లెక్స్ ఎదుట, జగదాంబ జంక్షన్‌లో, గాజువాకలో, ఎక్కడైనా ఇదే. బండి నడిపినవాడే కాదు, చుట్టూ మూగినవాళ్ళు కూడా ఇదే అంటారు. ఒక్కోసారి దెబ్బ తగిలిన ముసలాయనే "నేనే అడ్డొచ్చాను బాబూ" అని లేచి దుమ్ము దులుపుకుంటాడు. నాకు ఆ మాట వింటే కడుపు తరుక్కుపోతుంది. అందుకే దీన్ని మన గ్రూపులో పెడుతున్నాను.

"అడ్డం" అనే మాటకు తెలుగులో రెండు అర్థాలున్నాయి. ఒకటి దిక్కు మాత్రమే చెబుతుంది. గళ్ళనుడికట్టులో ఆధారాలు అడ్డం, నిలువు అని ఉంటాయి కదా, అదన్నమాట. అడ్డగీత, అడ్డదూలం, అడ్డంగా కోసిన వంకాయ. వీటిలో ఎవరి తప్పూ లేదు. యలమంచిలి దాటాక హైవే మీద అడ్డరోడ్డు అనే ఊరే ఉంది. ఆ పేరు వింటే కూడలి గుర్తొస్తుంది గానీ ఆటంకం గుర్తు రాదు. కన్నడంలో కూడా అడ్డ రస్తె అంటే మనం క్రాస్ రోడ్డు అనేదే. రెండో అర్థం ఆటంకం. అడ్డంకి, అడ్డుకట్ట, అడ్డగించడం, మాటకు అడ్డు రావడం ఈ కోవలోవి.

రోడ్డు దాటాలంటే రోడ్డుకు అడ్డంగానే నడవాలి. నిలువుగా నడిస్తే అవతలి పక్కకు చేరలేం. అయితే "రోడ్డుకు అడ్డంగా నడిచాడు" అన్న మాట కాస్తా మన నోట్లో "బండికి అడ్డొచ్చాడు" అయిపోతుంది. "రోడ్డుకు" ఉండాల్సిన చోట "బండికి" వచ్చి కూర్చుంది. అంతే, రోడ్డు బండిది, మనిషి ఆటంకం. పిల్లి విషయంలోనూ ఇలాగే చేశాం. దాని పని మీద అది పోతుంటే, పిల్లి అడ్డొచ్చిందని మనం ఇంట్లోకి వెళ్ళి మంచినీళ్ళు తాగి మళ్ళీ బయల్దేరతాం.

చట్టం ఈ మాటను ఇలా వాడలేదు. 1988 నాటి మోటారు వాహనాల చట్టంలో రోడ్డు మీద ఆటంకం గురించి చెప్పే సెక్షన్లలో ముఖ్యమైనవి 122, 201. రెండూ బండి గురించే. ఇతరులకు ప్రమాదమో ఆటంకమో కలిగేలా బండిని వదిలేయకూడదని 122వ సెక్షన్ చెబుతుంది. రాకపోకలకు అడ్డంగా బండి పెట్టినవాళ్ళకు జరిమానా 201లో ఉంది. 2019 సవరణ తర్వాత అది 500 రూపాయల దాకా ఉంది. పూర్ణా మార్కెట్ దారిలో బండి నిలిపేసి ఒకరు షాపులోకి వెళ్ళారనుకోండి. కూరగాయల సంచితో ఒకావిడ ఆ బండిని తప్పించుకోవడానికి రోడ్డు మధ్యకు దిగింది. చట్టం లెక్కలో అడ్డం ఆ బండే, ఆవిడ కాదు. మనం మాత్రం "ఏటమ్మా, రోడ్డుకడ్డంగా నడుస్తున్నావు" అని ఆవిడనే కసురుతాం.

2017లో కేంద్రం తెచ్చిన డ్రైవింగ్ నియమాలు ఇంకా స్పష్టంగా ఉన్నాయి. సిగ్నల్ లేని జీబ్రా గీతల దగ్గరికి వస్తున్నప్పుడు డ్రైవరు వేగం తగ్గించి, ఆగి, దాటేవాళ్ళకు దారి ఇవ్వాలి. చక్రాల కుర్చీలో వెళ్ళేవాళ్ళకు కూడా. ముందు ట్రాఫిక్ నిలిచిపోయి గీతల మీదే ఆగాల్సి వచ్చేలా ఉంటే అసలు గీతల మీదకు ఎక్కకూడదు. ఫుట్‌పాత్ మీద బండి నడపకూడదు. ఇక్కడ క్రియ "దారి ఇవ్వడం". ఇవ్వాల్సినవాడు డ్రైవరు.

కాబట్టి జీబ్రా గీతల మీద జరిగిన ఒకే సంఘటనకు మన దగ్గర రెండు వాక్యాలున్నాయి. "మనిషి అడ్డొచ్చాడు." "డ్రైవరు దారి ఇవ్వలేదు." రెండోది ఎందుకు మన నోటికి రాదు? మీరంతా ఏమంటారు?

మధురవాడ నుంచి, ఆటో నడిపే సభ్యుడు:

టీచర్ గారూ, మీరు రాసింది బాగానే ఉంది గానీ మా వైపు నుంచి కూడా ఒకసారి చూడండి. హైవే మీద పోతుంటే డివైడర్ మొక్కల సందులోంచి మనిషి దూకితే నోటికి వచ్చేది "అడ్డొచ్చాడు" అనే. అది తీర్పు కాదండి, కంటికి కనపడింది చెప్పడం. వెనకాల ప్యాసింజరేమో "బేగి పోనీ బాబూ, కాంప్లెక్స్‌లో బస్సు వెళ్ళిపోద్ది" అంటుంటాడు.

ఇంకో సంగతి. నేను గీతల దగ్గర ఆపుతాను. నన్ను చూసి ఒక పెద్దావిడ ధైర్యంగా దిగుతుంది. నా పక్క లైన్లో వచ్చేవాడికి నా ఆటో చాటున ఆవిడ కనపడదు. వాడు ఆగడు. అప్పుడు ఆవిడకు ఏమైనా అయితే ఆ పాపం నాకు చుట్టుకోదా? ఆపడం ఇష్టం లేక కాదు, ఆపడానికి భయం.

మద్దిలపాలెం సభ్యురాలు:

తమ్ముడూ, మీ రెండో సంగతి చదివాక చాలాసేపు ఆలోచించాను. నడిచేవాళ్ళ వైపు నుంచి మాట్లాడేవాళ్ళు కూడా దీన్ని ఇంత సూటిగా చెప్పరు. ఒక్కరు ఆగితే చాలదు, పక్క లైన్ కూడా ఆగాలి. పక్కన ఒక బండి గీతల ముందు ఆగి ఉందంటే అక్కడ ఎవరో దాటుతున్నారని అర్థం చేసుకోవాలి. మన డ్రైవింగ్ స్కూళ్ళలో ఇది మొదటి పాఠంగా చెప్పాలి. కుడిచెయ్యి బయటికి చాపి, అరచెయ్యి కిందికి పెట్టి, పైకీ కిందికీ ఊపితే "వేగం తగ్గిస్తున్నాను" అని అర్థం కదా. లైసెన్సు కోసం నేర్చుకున్న ఆ సైగను ఇప్పుడు ఎవరూ వాడటం లేదు. ఆటోలో మీకు అది తేలిక. వెనకవాళ్ళకు ముందే తెలుస్తుంది.

ఇక మొదటి సంగతి. డివైడర్ దూకి వచ్చినవాడిని "చూసుకోకుండా దూకాడు" అనండి. "ఒక్కసారిగా వచ్చాడు" అనండి. వాటిలో నిజం ఉంది, అతని తప్పు కూడా ఉంది. "అడ్డొచ్చాడు" అన్నప్పుడు ఆ వివరం పోతుంది. డివైడర్ దూకినవాడూ, గీతల మీద పద్ధతిగా దాటుతున్న బడిపిల్లా ఒకే మాట కిందకు వచ్చేస్తారు. నా బాధ అక్కడే.

హైదరాబాద్‌లో ఉంటున్న సభ్యుడు:

మేడమ్, ఇష్టం వచ్చిన చోట రోడ్డు దాటడాన్ని జేవాకింగ్ అంటారు కదా. దానికి తెలుగులో మాట లేదు. "అడ్డనడక" అంటే ఎలా ఉంటుంది?

మద్దిలపాలెం సభ్యురాలు:

వద్దండీ, దయచేసి ఆ మాట పుట్టించకండి. జేవాకింగ్‌లోని "జే" అమెరికన్ వాడుకలో ఒక తిట్టు. పట్నం పద్ధతులు తెలియని పల్లెటూరివాడు, మొద్దు అని. అంతకుముందు అక్కడి వీధుల్లో మనుషులు నడిచారు, పిల్లలు ఆడుకున్నారు, బండ్లు వాళ్ళను చూసుకుని వెళ్ళాయి. 20వ శతాబ్దం మొదట్లో కార్లు పెరిగి జనం చనిపోతుంటే, తప్పు కారుది కాదు, నడిచేవాడిది అని నమ్మించడానికి కార్ల వ్యాపారం చేసేవాళ్ళు ఆ తిట్టును బాగా ప్రచారం చేశారు. చివరికి అది చట్టాల్లోకి ఎక్కింది. ఇప్పుడు అక్కడే వెనక్కి తగ్గుతున్నారు. కాలిఫోర్నియాలో 2023 నుంచి, వెంటనే ఢీకొనే ప్రమాదం ఉంటే తప్ప, గీతలు లేనిచోట దాటినందుకు జరిమానా వెయ్యకూడదు. వాళ్ళు వదిలించుకుంటున్న తిట్టును మనం సంస్కరించి తెచ్చుకోవడం దేనికి?

మన మోటారు వాహనాల చట్టంలో ఆ పేరుతో నేరం లేదు. అలాగని నడిచేవాళ్ళకు నియమాలు వద్దని నేను అనడం లేదు. 2019లో ఆ చట్టంలో చేర్చిన 138(1ఎ) సెక్షన్ ప్రకారం నడిచేవాళ్ళ రాకపోకల మీద రాష్ట్రాలు నియమాలు చేయవచ్చు. నడిచేవాళ్ళకు ఎర్ర బొమ్మ వెలిగితే నేనూ ఆగాలి. ఫోన్ చూస్తూ రోడ్డు దిగకూడదు. అయితే నడవడానికి చోటు చూపించి తర్వాత నియమం చెప్పాలి. 2025 మేలో సుప్రీంకోర్టు, ఫుట్‌పాత్‌లు వాడుకునే హక్కు రాజ్యాంగం 21వ అధికరణంలోని జీవించే హక్కులో భాగమని చెప్పింది. ఇది ప్రతి వార్డులోనూ చదివి వినిపించాల్సిన మాట.

ఒక దినపత్రిక డెస్కులో పనిచేసే సభ్యుడు:

మేడమ్, మేం "అడ్డొచ్చాడు" అని ఎప్పుడూ రాయం. "రోడ్డు దాటుతూ వృద్ధుడి మృతి" అని రాస్తాం. ఇందులో ఎవరినీ తప్పు పట్టలేదు కదా?

మద్దిలపాలెం సభ్యురాలు:

సార్, మీరు ఎత్తి చూపారు కాబట్టి చెబుతున్నాను, నాకు దాని మీద కూడా ఫిర్యాదు ఉంది. "దాటుతూ" శత్రర్థకం, అంటే ఒక పని చేస్తూ ఇంకో పని చేశాడని చెప్పే రూపం. రెండు పనులకూ కర్త ఒక్కడే కావాలి. దాటిందీ ఆయనే, పోయిందీ ఆయనే. గుండెపోటు వచ్చి పడిపోయినా ఇదే శీర్షిక సరిపోతుంది. లారీ ఏది? "రోడ్డు దాటుతుండగా లారీ ఢీకొని వృద్ధుడి మృతి" అని రాయండి. రెండు మూడు మాటలు పెరుగుతాయి, నిజమే. ఏ బండో తెలియనప్పుడు "గుర్తుతెలియని వాహనం ఢీకొని" అని మీరే రాస్తుంటారు. అది సరైన వాక్యం. తప్పెవరిదో చెప్పదు, జరిగింది మాత్రం దాచదు.

మాట వచ్చింది కాబట్టి ఇంకొకటి. "ప్రమాదం" సంస్కృతంలో ఏమరుపాటు, పరాకు. "ప్రమాదో ధీమతామపి" అంటే తెలివైనవాళ్ళకూ ఏమరుపాటు తప్పదు అని. తెలుగులోకి వచ్చేసరికి అది ఆపద అయింది. ఇప్పుడు "ప్రమాదవశాత్తు" అంటే ఎవరి బాధ్యతా లేదని అర్థం వస్తోంది. పాత అర్థం గుర్తుంటే, రోడ్డు ప్రమాదం అన్న ప్రతిసారీ "ఎవరి పరాకు?" అనే ప్రశ్న దానంతట అదే వచ్చేది.

ఆనందపురం నుంచి ఒక పెద్దాయన:

అమ్మా, ఫుట్‌పాత్ లేని రోడ్డు మీద కుడిపక్క నడవాలి, ఎదురుగా వచ్చే బండి కళ్ళకు కనపడుతుంది. మా నాన్న ఎడ్లబండి తోలేవాడు. ఎడమ ఎద్దు దాపటిది, కుడి ఎద్దు వలపటిది. మాకు చిన్నప్పుడు "వలపల నడు" అనేవాడు. ఈ మాటలు ఇప్పుడు ఎవరూ అనడం లేదు. రాసి పెట్టండి.

అడవివరం నుంచి ఒక సభ్యురాలు:

టీచర్ గారూ, మీ చర్చ చదువుతుంటే నాకు సింహాచలం కొండ చుట్టూ నడిచే గిరిప్రదక్షిణ గుర్తొచ్చింది. ఆషాఢ పౌర్ణమి ముందు రోజు కొండ మెట్లు మొదలయ్యే మా తొలిపావంచా దగ్గర కొబ్బరికాయ కొట్టి లక్షల మంది బయల్దేరతారు. హనుమంతవాక, బీచ్ రోడ్డు వైపు నుంచి మాధవధార, ఎన్‌ఏడీ, గోపాలపట్నం మీదుగా మళ్ళీ సింహాచలం. 32 కిలోమీటర్లు. బండ్లను వేరే దారుల్లో పంపిస్తారు. హైవే దాటేచోట పోలీసులు లారీలను ఆపి మరీ జనాన్ని పంపుతారు. వీధి వీధినా మజ్జిగ, మంచినీళ్ళు ఇస్తారు. ఆ రోజు "జనం అడ్డొస్తున్నారు" అన్న మాట నేనెప్పుడూ వినలేదు. అదే రోడ్డు, అదే కాళ్ళు. ఆ రోజు భక్తులంటాం, మర్నాడు అడ్డం అంటాం.

మద్దిలపాలెం సభ్యురాలు:

అమ్మా, మీరు చెప్పినది ఈ చర్చ మొత్తానికి గట్టి ఉదాహరణ. ఊరంతా ఒక రోజు ఆగగలదని, దారి ఇవ్వడం మనకు చేతకాని పని కాదని ఏటేటా రుజువవుతోంది. తెల్లవారుజామున ఆర్కే బీచ్ రోడ్డు మీద వాహనాలు ఆపి నడిచేవాళ్ళకు వదిలినప్పుడు కూడా అంతే. ఆ సమయంలో అక్కడికి బండి వస్తే "బండి అడ్డొచ్చింది" అంటారు. ఆ వాక్యం నేను నా చెవులతో విన్నాను. మాట దిక్కు మారడానికి అవకాశం ఉంది.

గాజువాక నుంచి ఒక సభ్యుడు:

మేడమ్, మా పిల్లల స్కూలు ముందు బోర్డు పెట్టించాలని తల్లిదండ్రులమంతా అనుకుంటున్నాం. "పాదచారులకు ప్రాధాన్యత ఇవ్వవలెను" అని ఒకరు రాసి ఇచ్చారు. మీరు సరిచేస్తారా?

మద్దిలపాలెం సభ్యురాలు:

తప్పకుండా. "పాదచారి" మంచి మాటే, కానీ దాన్ని చదవగానే ఎవరికీ తన బిడ్డ ముఖం కనపడదు. "ప్రాధాన్యత ఇవ్వవలెను" అంటే డ్రైవరు కాలితో ఏం చెయ్యాలో తెలియదు. చెయ్యాల్సిన పని చెప్పండి:

పిల్లలు దాటే చోటు.
బండి ఆపి దారి ఇవ్వండి.

మధురవాడ ఆటో సభ్యుడు:

టీచర్ గారూ, ఇది బాగుంది, ఒక్క చూపులో చదవొచ్చు. గాజువాక అన్నా, అక్షరాలు పెద్దవి వేయించండి, రెండు లైన్లు మించకండి. బోర్డు గేటు దగ్గర పెట్టకండి. గేటు దగ్గర చదివితే బ్రేక్ వేసే టైమ్ ఉండదు. బాగా ముందే, రెండు వైపులా పెట్టించండి. కరెంటు స్తంభం చాటున గానీ చెట్టుకొమ్మ చాటున గానీ రాకుండా చూసుకోండి. పెట్టే రోజు చెప్పండి, ఆటోలో అటూ ఇటూ తిరిగి ఎక్కడి నుంచి కనపడుతుందో చూసి చెప్తాను.