కేర్ లిస్టు పోయింది: పొలిటికల్ సైన్స్ స్కాలర్లకు మంచా, చెడా?

గోదారిగట్టు:
యూనివర్సిటీల మీద ఉండే యూజీసీ (యూనివర్సిటీ గ్రాంట్స్ కమిషన్) 2025 ఫిబ్రవరిలో కేర్ లిస్టును, అంటే తాను ఆమోదించిన రీసెర్చ్ జర్నళ్ల జాబితాను, ఎత్తేసింది. ఏ జర్నల్ మంచిదో, ఏది కాదో ఇకపై యూనివర్సిటీలే తేల్చుకోవాలట. కొన్ని ప్రమాణాలు సూచించి ఊరుకుంది. నాది పీహెచ్‌డీ మూడో ఏడాది. నిన్నటిదాకా జర్నల్‌కు రీసెర్చ్ పేపర్ పంపేముందు లిస్టులో పేరుందో లేదో చూసుకునేవాళ్లం. ఇప్పుడు ఎవర్ని అడగాలి? నాకైతే టెన్షన్‌గా ఉంది. మీరేమంటారు?

చాక్‌పీస్:
పోతే పోయింది. 2018లో పాత లిస్టు నుంచి యూజీసీ 4,305 జర్నళ్లను ఒక్కసారే తీసిపారేసింది. అప్పటిదాకా అవన్నీ ఆమోదం ఉన్నవే! ఆ తర్వాత కేర్ వచ్చింది. లిస్టులో ఉన్న పత్రికల పేర్లతోనే నకిలీ వెబ్‌సైట్లూ వచ్చాయి. లిస్టు చేతిలో ఉంటే పేపర్ ఎవరూ చదవరు.

మెస్‌బిల్లు:
సార్, యూనివర్సిటీలో ఉద్యోగానికి షార్ట్‌లిస్టు చేసేటప్పుడు పేపర్‌కు 2 మార్కులు, మొత్తం 10 దాకా. థీసిస్ ఇవ్వడానికి పేపర్ తప్పనిసరి కాదని 2022లో అన్నారు, సంతోషం. ఉద్యోగానికి మాత్రం కావాలిగా.

మొన్న వాట్సాప్‌లో ఒకటొచ్చింది: మూడు రోజుల్లో పబ్లికేషన్, సర్టిఫికెట్ ఉచితం. చూద్దామని నా పంచాయతీరాజ్ పేపర్ పంపా. రెండో రోజే యాక్సెప్టెన్స్. నా టైటిల్లో పంచాయతీ స్పెల్లింగ్ తప్పు కొట్టారు. పేపర్ చదివి తప్పొప్పులు చెప్పాల్సిన రివ్యూయర్ రాసింది ఒక్క ముక్క, ‘గుడ్’. దాని కింద క్యూఆర్ కోడ్. నాలుగు నెలలు ఊళ్లు తిరిగి రాసిన పేపరండీ అది!

చాక్‌పీస్:
చూశావా తమ్ముడూ, అది దొంగదని లిస్టు లేకుండానే పట్టేశావు.

మెస్‌బిల్లు:
నేను పట్టాను సార్. సెలక్షన్ కమిటీ పడుతుందా? వాళ్లు ఫైల్లో ఎన్నున్నాయో లెక్కపెట్టుకుంటారు. డబ్బు కట్టి ఐదు వేయించుకున్నవాడికి పదికి పది. నాకు సున్నా.

రెండో ఫ్లోర్ లైబ్రరీ:
మన సబ్జెక్టులో పేరున్న పత్రికలే తక్కువ. 1945లో మొదలైన ఇండియా క్వార్టర్లీ ఏడాదికి నాలుగు సంచికలే. జేఎన్‌యూ వాళ్ల ఇంటర్నేషనల్ స్టడీస్ కూడా అంతే. ఈపీడబ్ల్యూ (ఎకనామిక్ అండ్ పొలిటికల్ వీక్లీ) ముంబై నుంచి వారం వారం వస్తుంది, రచయిత దగ్గర పైసా తీసుకోదు, కానీ అక్కడ అన్ని సబ్జెక్టులవాళ్లూ క్యూలో ఉంటారు. దేశంలోని స్కాలర్లందరికీ వీటిలో చోటెక్కడ? వాట్సాప్ దుకాణాలు నడిచేది అందుకే.

నా మొదటి పేపర్ పదకొండు నెలలు నలిగింది. సర్పంచ్ భర్తల పెత్తనం మీద రాశా. ఒక రివ్యూయర్ మూడు పేజీలు పంపారు. ‘ఇరవై మంది మగవాళ్లతో మాట్లాడారు, సరే. సర్పంచులేరీ?’ అని అడిగారు. సిగ్గేసింది. మళ్లీ ఊళ్లకు పోయి ఆ ఆడవాళ్లతోనే మాట్లాడాను, పేపర్ సగం మారిపోయింది. ఉద్యోగానికి అప్లై చేసేటప్పుడు ఇలాంటి రివ్యూలను కూడా జతచేయమంటే బాగుంటుంది. లిస్టు ఉన్నా లేకున్నా పేపర్ ఎలాంటిదో తెలిసిపోతుంది.

మెస్‌బిల్లు:
‘గుడ్’ అని రాసేవాడు మూడు పేజీలు రాయలేడా మేడమ్? ఇంకో ఐదొందలు ఎక్కువ తీసుకుంటాడు, అంతే.

చాక్‌పీస్:
అందుకే కమిటీ పేపర్లు చదవాలంటున్నా. ఒక్కొక్కరివి రెండేసి చాలు.

రెండో ఫ్లోర్ లైబ్రరీ:
ఒక్క పోస్టుకు వందల అప్లికేషన్లు సార్. మీరు కమిటీలో ఉంటే చదువుతారా? నిజం చెప్పండి.

గోదారిగట్టు:
ఇందాక మా గైడ్‌ గారిని అడిగాను. లిస్టు ఎత్తేయకముందే డౌన్‌లోడ్ చేసి దాచుకున్నారట. ‘సాయంత్రం పంపిస్తా, అందులోంచే ఏదో ఒకటి చూసుకో’ అన్నారు.

చాక్‌పీస్:
వచ్చాక నాకూ ఒక కాపీ పంపించు.